అక్క ఫోటోకు దండ

నేను సినిమాల్లో ఆర్ట్ డైరెక్టర్‌ని. సెట్‌లో గోడకు ఏ ఫోటో ఉండాలో చూసుకునేది కూడా నేనే. కొన్నేళ్ల క్రితం ఒక సినిమాలో హీరో తల్లి చనిపోయినట్టు చూపడానికి దండ వేసిన ఫోటో కావలసి వచ్చింది. షాట్‌కు టైమ్ అవుతోందని, ఫోన్‌లో ఉన్న మా అక్క ఫోటోను దిల్‌సుఖ్‌నగర్‌లో పెద్దది చేయించి, ఫ్రేమ్ కట్టించి, గంధపు దండ వేసి తగిలించాను. అక్కను అడగలేదు. దూరంగా మసకగా కనబడుతుందిలే అనుకున్నాను.

అప్పటికే అక్కకు క్యాన్సర్ మందులు నడుస్తున్నాయి. అయినా సినిమా రాగానే, "మా తమ్ముడి సెట్లు చూద్దురు రండి" అని సరూర్‌నగర్‌లో తమ గల్లీ ఆడవాళ్లందరినీ వెంటబెట్టుకుని థియేటర్‌కొచ్చింది. నేనూ వెళ్లాను. హీరో తన తల్లి ఫోటోకు దండం పెట్టగానే తెర నిండా అక్క ముఖం. మా వరసలో ఆడవాళ్లంతా అక్కవైపు తిరిగారు.

"ఏందిరా, జర ఆగకపోతివి! నేనింకా ఉన్న కదా" అని నవ్వి, నా చెయ్యి గట్టిగా పట్టుకుంది అక్క. బయటికొచ్చాక, "ఫోటో మాత్రం మంచిగొచ్చింది, నాకియ్యి" అంది. దండ తీసేసి ఇచ్చాను.

ఆ చలికాలంలోనే అక్క పోయింది. దశదిన కర్మ రోజు మేనల్లుడు బీరువాలోంచి ఆ ఫోటోనే తెచ్చాడు.

"అమ్మది మంచిగున్న ఫోటో ఇదొక్కటే మామా. దండ నువ్వెయ్యి."

వేశాను. మొదటిసారి వేసిన దండనైతే తీసేయగలిగాను.