డాక్టరమ్మ నమ్మిన దీపం

అనకాపల్లిలో నేను కారు నడిపిన డాక్టరమ్మగారు మనిషి కన్నా దీపాన్నే ఎక్కువ నమ్మేవారు. ఎవరి దగ్గరో కొన్న పాత విదేశీ కారు అది. టైరులో గాలి తగ్గితే స్టీరింగు ముందు పసుపు దీపం వెలిగేది. ఆవిడ వెనక సీటులోంచి, మడిచిన కళ్ళజోడు నా భుజం మీదుగా చాపి దాన్ని చూపించేవారు.

"గాలి కొట్టించలేదు కదూ?"

"నాలుగింటికీ కొట్టించేనండమ్మా."

"మరి దీపం అబద్ధమాడుతుందా? వేరే డ్రైవర్ని చూసుకోవాలి."

ఆ రోజు మునగపాక ఊరు వెళ్ళేదాకా, నా పక్క సీటులో ఉన్న నర్సమ్మ ముందు అదే మాట. మర్నాడు పెట్రోలు బంకులో కారు ఆపాను.

"దిగి మీరే సూడండమ్మా."

ఆవిడ చేతే నాలుగు టైర్ల మీటరూ చదివించాను. గాలి సరిగ్గా ఉంది, దీపం వెలుగుతూనే ఉంది. కారు అమ్మినాయనకి ఫోను చేస్తే, గాలి నింపాక రీసెట్ స్విచ్ నొక్కి పట్టుకోవాలన్నాడు. అదెక్కడుంది? కారుకి ప్రార్థన చేయించిన రోజు ఆవిడే అతికించిన బైబిలు వాక్యం స్టిక్కరు కింద ఉంది.

ఆవిడే గోరుతో స్టిక్కరు ఒలిచి, వెళ్ళి వెనక సీటులో కూర్చున్నారు. నేను స్విచ్ నొక్కి పట్టుకున్నాను. దీపం మినుకుమని ఆరిపోయింది. మళ్ళీ భుజం మీదుగా కళ్ళజోడు వచ్చింది.

"అయితే ఇప్పటికి కొట్టించేవన్నమాట!" అని నవ్వారు.

నాకు నవ్వు రాలేదు. తాళం తీసి జేబులో వేసుకున్నాను.

"నిన్ననే కొట్టించేనని సెప్పేను. ఆ మాట మీరంటేనే బండి కదుల్తాది."

కళ్ళజోడు మెల్లగా వెనక్కి వెళ్ళింది. "నిన్ననే చెప్పేవు," అన్నారు.

అప్పుడు తాళం పెట్టాను.