నాలుగు నెలల చిన్న

టెక్కలిలో ఓ సర్కారు ఆఫీసు గుమాస్తా తారకేశ్వరరావు మంగలి షాపులో కూడా "ముందెవరొచ్చారు?" అని అడక్కుండా కూర్చోడు. తనతో ఒకే రోజు ఉద్యోగంలో చేరిన ఫణిశంకర్‌కు ప్రమోషనిచ్చారని తొమ్మిదేళ్లుగా కోర్టుకు తిరుగుతున్నాడు. ఒకే రోజు చేరితే వయసులో పెద్దవాడే సీనియరని రూలు. రికార్డులో ఇతను నాలుగు నెలలు చిన్న. మొన్న పలాస నుంచి అక్క తవిటమ్మను లాయరు దగ్గరికి లాక్కొచ్చాడు.

"బళ్లో మా అయ్య ఈడికి రెండేళ్లు తగ్గించి రాయించీసినాడు బాబూ. నాకు తెల్దేటి?" అందామె.

తారకేశ్వరరావు మీసం దువ్వుకున్నాడు.

లాయరు వేళ్ల మీద లెక్కేసి, "ఆ ప్రకారం మీరు రిటైరై ఏడాదైందండీ" అన్నాడు.

మీసం మీద చెయ్యి అక్కడే ఆగింది. తారకేశ్వరరావు మెల్లగా అక్క వైపు తిరిగాడు.

"అప్పా, నీకీమధ్య మతిమరుపు ఎక్కువైపోనాదే!"