మేష్టారి గడియారంలో రెండు గంటలు

ఆఫ్రికా పక్కనున్న పెంబా దీవి నుంచి తిరిగొచ్చాక నందిగామలో నాతో ఆ దీవి గురించి మాట్లాడే మనిషి ఒక్కడూ లేడు. మూడేళ్ళు అక్కడి సెకండరీ స్కూల్లో లెక్కలు చెప్పాను. లవంగం చెట్ల సంగతి ఎత్తితే జనం "అవునా" అని మిర్చి ధరలోకి వెళ్ళిపోయేవారు. అరవైల చివర్లో ఆ స్కూలు హెడ్మాస్టరు ఉత్తరం రాశాడు. స్కూలు చరిత్ర రాయిస్తున్నాం, మొదటి రోజుల సంగతులు చెప్పేవాళ్ళు ఇక్కడ మిగల్లేదు, మొట్టమొదటి మేష్టారిది జగ్గయ్యపేటట, కనుక్కుంటారా అని. నేనాయన్ని ఎప్పుడూ చూడలేదు. కార్డు రాస్తే వెంటనే జవాబొచ్చింది: "జాంబో! శనివారం రెండు గంటలకల్లా రా. అంతా చెబుతాను." జాంబో అంటే దీవిలో పలకరింపు. అది చూడగానే నాకు కళ్ళు చెమర్చాయి.

శనివారం భోజనం చేసి పన్నెండింటికి హైదరాబాదు బస్సెక్కాను. చిల్లకల్లు దాకా గంట ప్రయాణం, టిక్కెట్టు రూపాయి లోపే. అక్కణ్ణుంచి జగ్గయ్యపేటకు జట్కా. ఎండకు రోడ్డు మీద నరమానవుడు లేడు.

"ఎవరింటికండీ?" అన్నాడు జట్కా అతను.

"ఆఫ్రికా మేష్టారింటికి."

"మీ కోసమేనా ఏంటండీ? పొద్దున మొదటి బేరానికెళ్తా చూశా, కండువా ఏసుకుని అరుగు మీద కూచున్నారు. ఇందాకా చూశా, అక్కడే ఉన్నారు."

పెద్దాయన తొందర చూసి నవ్వుకున్నాను. రెండుకు ఐదు నిమిషాలుందనగా దిగి, టైముకొచ్చానని గొప్పగా నమస్కారం పెట్టాను. ఆయన లేవలేదు.

"ఎనిమిదింటికల్లా వస్తావనుకున్నా నాయనా. ఇడ్లీలు చల్లారిపోయినయ్."

"రెండింటికి రమ్మన్నారు కదండీ?"

"జాంబో అని రాసిన కార్డులో టైము ఇండియాదవుతుందా?"

తల కొట్టేసినట్టయింది. ఆ దీవిలో గంటలు పొద్దుపొడుపు నుంచి లెక్కపెడతారు. మన ఏడు వాళ్ళకు ఒకటి, మన ఎనిమిది వాళ్ళకు రెండు. మూడేళ్ళు ఆ లెక్కతో బతికి కూడా మరిచిపోయాను.

"స్కూలు తెరిచిన రోజు నేనూ ఇదే పని చేశాలే," అన్నారాయన కాస్త మెత్తబడి. "రెండింటికి బడంటే భోంచేసి వెళ్ళా. పిల్లలు పొద్దుటినించీ బెంచీల మీద కూచునే ఉన్నారు. ఒక్కడూ ఇంటికెళ్ళలా. రాసుకో, మన స్కూలు చరిత్ర అక్కడ మొదలైంది."

అది, ఇంకో నాలుగు ముక్కలు రాసుకున్నాను. మూడింటి బస్సుకు ఆయన కంటి ఆపరేషనుకని ఖమ్మం వెళ్ళాలి. సంచి అప్పటికే సర్ది ఉంది. బస్సు దగ్గర నా చెయ్యి వదల్లేదు. "ఆ గంటలు తెలిసినవాడు ఒకడొస్తున్నాడని వారం నించీ సంబరపడ్డా. దసరాకు రా. అదే టైముకి."

దసరా సెలవుల్లో మొదటి బస్సుకే బయల్దేరి ఎనిమిదింటికల్లా అరుగెక్కాను. తలుపుకు తాళం.

"మేష్టారు పోయి నెల్లాళ్ళయిందండీ. మీకెవరూ చెప్పలేదా?" అంది పక్కింటావిడ.

ఎవరు చెబుతారు? నాలాంటివాడు ఒకడున్నాడని ఆయనకు తప్ప ఎవరికి తెలుసు? మధ్యాహ్నం రెండయ్యేదాకా ఆ అరుగు మీదే కూచున్నాను. ఆరు గంటలు ఎదురుచూడటం ఎంత పొడుగో అప్పుడు తెలిసింది. నేను దీవికి పంపిన చరిత్ర ఒక్క పేజీ.

ఇప్పుడు చిల్లకల్లు దగ్గర జట్కాల బదులు ఆటోలుంటాయి. పెద్దవాళ్ళను పాత సంగతులు అడగడానికి వెళ్ళేవాళ్ళకు ఒక్క మాట: ఏ టైముకు రమ్మన్నా సరే, పొద్దున్నే వెళ్ళండి.