సున్నపురాయి దీవిలో నాన్న నేర్పిన పని

స్కూల్లో 'మా తాతగారి వృత్తి' మీద మాట్లాడాలని మా అమ్మాయి సుజన కాగితం మీద 'బిజినెస్‌మన్' అని రాసుకుంది. మా నాన్న పిడుగురాళ్లలో సున్నపు బట్టీ కూలీ. నా మనసు చివుక్కుమంది కానీ కేకలేయలేదు. తొంభైల మొదట్లో సంగతిది. హిందూ మహాసముద్రంలోని క్రిస్మస్ దీవిలో ఎక్కడ చూసినా సున్నపురాయేనని, అందులో శిలాజాలుంటాయని అప్పుడే చదివాను. తాత పట్టిన రాయి విలువేంటో చూపిద్దామని, నెల జీతం టికెట్లకే పోయినా సెలవుల్లో ఇద్దరం బయల్దేరాం.

మేముండే పెర్త్ నుంచి విమానంలో సుమారు నాలుగు గంటలు పట్టింది. మర్నాడు ఉదయం ఎనిమిదింటికి అజీజ్ అనే మలయ్ డ్రైవర్ జీపు తెచ్చాడు. దక్షిణ తీరానికి అడవి దారి. ఎర్రపీత అడ్డొచ్చినప్పుడల్లా దిగి, దాన్ని కొమ్మతో పక్కకు తోసి మళ్లీ ఎక్కేవాడు. అలా తొమ్మిదిన్నరకు చేరాం. తీరం పొడవునా కత్తుల్లా నిలబడ్డ రాళ్లు.

"డాడ్, ఇట్స్ జస్ట్ రాక్. ఫాసిల్స్ ఎక్కడ?" అంది సుజన.

"ఉన్నాయంటారు సార్. పదేళ్లలో నాకైతే ఒక్కటీ కనబడలేదు" అని అజీజ్ ఇంగ్లీషులో చెప్పి నవ్వాడు.

ఇంత దూరం తీసుకొచ్చి ఉత్త రాళ్లు చూపిస్తే, ఆ 'బిజినెస్‌మన్' ఇక ఎప్పటికీ చెరగదు. అప్పుడు నాన్న గుర్తొచ్చాడు. బట్టీలోకి వెళ్లే రాయిని ఆయన పొడిగా ఎప్పుడూ చూడలేదు. "ముందు తడుపు, తర్వాత చూడు" అనేవాడు. సున్నాన్ని చెడగొట్టే లోపలి మట్టి చార తడిస్తేనే బయటపడేది.

కొత్తగా విరిగిన రాయి ముఖం మీద తాగే నీళ్లు పోసి, తువ్వాలుతో తుడిచాను. బూడిద రంగు చిక్కబడి, అందులోంచి పగడపు పువ్వులు తేలాయి. పక్కనే ఒక గవ్వ.

సుజన మోకాళ్ల మీద కూలబడి తన సీసా కూడా ఒంపేసింది. "హూ టాట్ యు దిస్?"

"మీ తాత."

సుజన అజీజ్ వైపు తిరిగి, గట్టిగానే, "మై తాత వర్క్డ్ ఇన్ ఎ లైమ్ కిల్న్" అంది. సున్నపు బట్టీ అన్నమాట. అజీజ్ తన సీసా తీసుకుని ఇంకో రాయి దగ్గరికి పరుగెత్తాడు. తిరుగు ప్రయాణంలో ముగ్గురికీ గొంతులు ఎండిపోయాయి.

సెలవులయ్యి స్కూలు తెరిచాక సుజన క్లాసులో బోర్డు మీద 'లైమ్ కిల్న్ వర్కర్' అని రాసి, మా పెరటి గోడలో ఊడిన సున్నపురాయిని తడిపి చూపించిందట. టీచర్ చెబుతుంటే గర్వంతో నా ఛాతీ ఉప్పొంగింది. నాన్న అక్షరం చదవలేదు, రాయిని మాత్రం చదివాడు.

మీరు వెళ్తే రాళ్లు తీసుకురావద్దు, చూసి అక్కడే వదిలేయండి. నీళ్లు మాత్రం మనిషికి రెండు సీసాలు పట్టుకెళ్లండి. ఒకటి తాగడానికి, ఒకటి మా నాన్న పనికి.