ఇంట్లో లేనని చెప్పించిన రోజు

మొన్న మా అమ్మాయి ఒక జర్మన్ రచయిత్రి కొత్త నవల ఇంగ్లీషు అనువాదం కొనుక్కొచ్చి, "నాన్నా, నువ్వు వేస్తానని మానేసిన నాటకం ఈవిడదే కదూ" అంటే, అట్ట మీది ఆవిడ ఫొటో చూడలేక పుస్తకాన్ని బోర్లించేశాను.

యుద్ధకాలంలో యూదులైన పొరుగువాళ్ళని పట్టుకుపోయిన రోజున మీరంతా ఎక్కడున్నారని, అలా పోయినవాళ్ళ మనవరాలు ఒకమ్మాయి ఏళ్ళ తరవాత ఊళ్ళో ఇల్లిల్లూ తిరిగి అడగడమే ఆ నాటకం. అందరూ మర్యాదస్తులే, ఎవరికీ ఏదీ గుర్తుండదు. కరోనా సద్దుమణిగిన రెండేళ్ళకి అబూ ధాబీలో మా మిత్రబృందం దాన్ని తెలుగు చేసుకుని, నాకు ఊరి మాస్టారి వేషం ఇచ్చింది. సామాను వ్యానులో తెచ్చేది, ఏళ్ళ తరబడి నన్ను ఆఫీసుకి దింపిన కడప భాయే. మా ఆవిడకి ఆపరేషన్ అయిననాడు పొద్దుటి నుంచి ఆసుపత్రి బయటే కూర్చున్న మనిషి.

అతనికి 2020లో దగ్గు పట్టుకుంటే, అతనితో గది పంచుకునేవాళ్ళు బయటికి పొమ్మన్నారు. మహమ్మద్ బిన్ జాయెద్ సిటీలో మా విల్లా పక్కన ఖాళీగా ఉన్న డ్రైవరు గదిలో నాలుగు రోజులు తలదాచుకుంటానని మధ్యాహ్నప్పూట గేటు దగ్గరికొచ్చాడు. బాల్కనీలో ఉన్న నేను తెర వెనక్కి తప్పుకుని, గడప దాటడానికే వీల్లేని ఆ రోజుల్లో, ఇంట్లో లేనని వాచ్‌మన్ చేత చెప్పించాను. భాయ్ నాలుగు రోజులు కారులోనే పడుకున్నాడట. ఆనక ఆసుపత్రిలో చేరి బతికాడు గానీ, ఆ ఆయాసం పోలేదు.

రిహార్సల్లో "ఆ రోజు నేను ఊళ్ళో లేనమ్మా" అనాల్సిన చోట, ప్రతిసారీ ఆ మాట వదిలేసి తరవాతి మాటకి దూకేశాను. విరామంలో భాయ్ టీ తెచ్చిచ్చి, మెల్లగా అన్నాడు: "ఆ పొద్దు బాల్కనీలో మిమ్మల్ని చూసినా సార్. ఏమనుకోలేదులే. అందరికీ బయమే గదా."

క్షమించమని అడగాల్సింది. టీ బాగుందన్నాను. మర్నాడు ఆఫీసు పని ఎక్కువగా ఉందని అబద్ధమాడి వేషం వదులుకున్నాను. నాటకం నేను లేకుండానే బాగా ఆడింది. భాయ్ ఆ ఏడే సొంతూరికి వెళ్ళిపోయాడు.

ఇప్పుడు మావాళ్ళ మధ్య ఆ కరోనా సంవత్సరం మాటొస్తే, ఇంట్లో చేసుకున్న కేకులూ, మాస్కులతో దిగిన ఫొటోలూ తలుచుకుని నవ్వుకుంటాం. ఎవరికి తలుపు తీయలేదో ఎవరూ చెప్పరు. వాళ్ళతో పాటు నేనూ నవ్వుతూనే ఉన్నాను.