బల్ల దగ్గర మదామ్ గారి చోటు

కోవిడ్ ఆంక్షలు ఎత్తేసిన మరుసటి ఏడాది, సింగపూర్‌లో హోమ్ నర్సుగా బుకిట్ పంజాంగ్‌లోని ఒక ఫ్లాట్‌కి వెళ్లాను. రోగి ఫ్రెంచావిడ, మదామ్ హెలెన్. కూతురు ఆన్, అల్లుడు మన నెల్లూరు రవి. ఫ్రెంచివాళ్లంటే తోటలున్న బంగళాల్లోనే ఉంటారనుకునేదాన్ని. ఈవిడ కిటికీ పక్కనుంచి ఎల్‌ఆర్‌టీ రైలు వెళ్లేది. ఫ్లాట్ల దగ్గరికి రాగానే, ఇళ్లలోకి ఎవరూ తొంగిచూడకుండా, దాని అద్దాలు వాటంతటవే మసకబారతాయి. లోపలి మనుషులు కలలోవాళ్లలా కనబడీ కనబడకుండా సాగిపోయేవారు.

స్ట్రోక్ వల్ల ఆమెకు డిస్ఫేజియా, అంటే మింగడం కష్టం. మెత్తగా రుబ్బిన ప్యూరే పెడితే నాలుగు చెంచాలకే నోరు బిగించేసేది. వారంలో తిండి పెరక్కపోతే ముక్కులోంచి కడుపులోకి ఎన్‌జీ ట్యూబ్ వేయాల్సిందేనన్నారు డాక్టరు. దాన్ని పీకేసుకోకుండా చేతులకు గుడ్డ తొడుగులు కడతారు. ఆమెను అలా చూడాలంటే నాకు మనసొప్పలేదు.

మధ్యాహ్నాలు ఆమె సగం నిద్రలో ఉండేది. చేతులు మాత్రం దుప్పటి మీద ఏదో సర్దుతుండేవి, ఇక్కడొకటి, అక్కడొకటి. వాటిని చూస్తూ నేనూ కునికిపాట్లు పడేదాన్ని. చెప్పుకోవడానికి సిగ్గేం లేదు.

“ఏం చేస్తున్నారు రవీ, ఆవిడ?”

“టేబుల్ మీద ప్లేట్లు పెడతా ఉన్నారక్కా. సండే లంచ్ అంటే వాళ్లకి పెద్ద ఫంక్షన్. కూర్చుంటే సాయంత్రం దాకా లేవరు.”

“మరి మీరెక్కడ తింటున్నారు?”

“కిచెన్‌లో, డోర్ వేసుకుని. తినలేని మనిషి ముందర ఎట్టా తింటామక్కా, పాపం గదా? ఆన్‌కి గూడా నేనే చెప్పినా.”

నాకూ అది మర్యాదగానే తోచింది. దుప్పటి మీద ఆ చేతులు మళ్లీ చూశాక అర్థమైంది: జన్మంతా అందర్నీ చుట్టూ కూర్చోబెట్టుకుని తిన్న మనిషిని మా మర్యాద కొద్దీ మేమంతా కలిసి ఒంటరిని చేశాం.

ఆదివారం అందర్నీ బల్ల దగ్గరే తినమని చెప్పి, ఆమెను వీల్‌చెయిర్‌లో నిటారుగా కూర్చోబెట్టి బల్ల దగ్గరికి తెచ్చాను. ప్యూరే కొంచెం ఊపిరితిత్తుల్లోకి పోయినా న్యుమోనియా.

“గ్రాండ్‌మా, సిట్ బిసైడ్ మీ లా,” అంది ఆరేళ్ల మనవరాలు, సింగపూర్ వాళ్ల యాసలో.

మదామ్ అందరి ముఖాలూ వరసగా చూసింది. నేను నేర్పినట్టు గడ్డం దించి మింగింది. మళ్లీ నోరు తెరిచింది. గంటన్నరలో గిన్నె ఖాళీ. ఆన్ ఏడుస్తూనే తినింది. చెంచా పట్టుకుని నిలబడ్డ నన్ను చూసి, మదామ్ ఖాళీ కుర్చీ చూపించింది. కూర్చున్నాను. నాకూ వడ్డించారు.

ట్యూబ్ అవసరం రాలేదు.

ఇప్పుడు కొత్త ఇంటికి వెళ్తే, రోగి ఏం తింటారన్నది తర్వాత అడుగుతాను. ఎవరితో కలిసి తింటారని ముందు అడుగుతాను.