ఆర్డర్‌ను కింద నుంచి చదివిన మనిషి

మా గుమాస్తా తాత పోయారు. మొన్న గురువారం పొద్దున చాయ్ తాగి, కప్పు పక్కన పెట్టి, కుర్చీలోనే ఒరిగిపోయారని ఆయన కోడలు ఫోన్ చేసింది. నాన్న, "తక్లీఫ్ పడలే. మన తీర్పు సుత సూసినంకనే పోయిండు" అన్నారు. మా ఇంట్లో ఏడుపు కంటే ముందు ఆ ఊరటే వచ్చింది. ఎందుకో చెప్పాలి.

ఆయన మాకు చుట్టం కాదు. బోయిగూడలో మా పై వాటాలో ఉండేవారు. నలభై ఏళ్ళు వకీళ్ళ దగ్గర గుమాస్తాగా చేశారు. మానేశాక కూడా జేబులో స్టేప్లర్ లేకుండా మెట్లు దిగేవారు కాదు. కరెంటు బిల్లుకైనా మూడు జిరాక్సులు. "ఒక్కటే కాయితం ఉన్నదంటే లేనట్టే" అనేవారు. పెళ్ళిపత్రికను కూడా కింద నుంచే చదివేవారు, భోజనాలెక్కడో ముందు చూసుకోవాలట.

నాన్నకు రాంగోపాల్‌పేట్‌లో ప్లైవుడ్ దుకాణం. మూడేళ్ళ కింద ఒక టోకు వ్యాపారి పంపిన లోడులో సగం షీట్లు తడిసి, పొరలు లేచి వచ్చాయి. నాన్న వాటిని తిప్పి పంపి, మంచివాటికి డబ్బు కట్టేశారు. అతను మాత్రం మొత్తం లోడుకూ బాకీ ఉన్నామని దావా వేశాడు. అది మామూలు దావా కాదు. కోర్టు అనుమతి ఇస్తేనే మనం ఎదురు చెప్పుకోగలం. లేకపోతే అవతలివాడు అడిగినంతకూ డిక్రీ అయిపోతుంది, దుకాణం పోతుంది.

అనుమతి వచ్చింది, షరతుతో. అడిగిన సొమ్ములో సగం నాలుగు వారాల్లో కోర్టులో జమ చేయాలి. వకీలు పంపిన ఆర్డర్‌ను నేను చదివి చెబుతుంటే, సరుకు తిప్పి పంపామన్న నాన్న మాట అనుమానంగా ఉందని కోర్టు అన్న చోట నాన్న చెయ్యెత్తి ఆపేశారు. డిగ్రీ చదివిన నేనూ అక్కడే ఆగిపోయాను.

"దొంగ అన్నట్టే గదా. సగం కట్టినమంటే సగం బాకీ ఒప్పుకున్నట్టే. నేను కట్ట."

రెండు వారాలు అలాగే పోయాయి. ఇంట్లో ఉండలేక నేను స్కూటీ మీద మారేడ్‌పల్లి దాకా ఊరికే తిరిగొచ్చేదాన్ని. ఒక సాయంత్రం తాత మెట్ల దగ్గర ఆపి, "ఏందీ బిడ్డా, పెట్రోలు ఫుకట్ల వస్తుందా?" అన్నారు. అంతా చెప్పేశాను.

ఆయన నేరుగా మా ఇంట్లోకి వచ్చి, ఆర్డర్ ఆఖరి పేజీ తీసి, కింది వరస మీద వేలు పెట్టి నాన్నకు చూపించారు.

"గిక్కడ ఏమున్నదిరా? అనుమతి ఇచ్చినమని ఉన్నది. మీద కథ ఉంటది, కింద మన పని ఉంటది. నువ్వు కథ ఇని అలిగి కూసున్నవ్."

"కడితే ఒప్పుకున్నట్టు కాదా కాకా?"

"ఆని జేబుల ఏస్తున్నవా? కోర్టుల ఉంటది. గెలిస్తే వాపస్. కట్టకుంటే నీ నోరు కుట్టేసినట్టే. ఆ తడిసిన షీట్ల ముచ్చట ఎవడు చెప్తడు?"

నాన్న వేళ్ళు మడిచి లెక్కపెట్టారు. "ఇంకా పద్నాలుగు రోజులున్నయి గదా."

"నా లెక్కల వారమే ఉన్నది. ఆఖరి రోజు మనది కాదు, పైసలు కట్టే కంప్యూటర్ సర్వర్‌ది."

సరుకు మోసే ట్రాలీ ఆటో అమ్మాము, నా స్కూటీ కూడా. వారంలోపే తాత దగ్గరుండి చలాన్ కట్టించారు. రసీదు జిరాక్సు ఒకటి నా చేతిలో పెట్టి, "ఇగ జెర నడువు, మంచిదే" అన్నారు. గడువు ఆఖరి రోజు సర్వర్ నిజంగానే పనిచేయలేదని వకీలు చెప్పాడు. అమ్మ వెంటనే పైకి గిన్నెడు పాయసం పంపింది.

పోయిన నెల దావా కొట్టేశారు. తడిసిన షీట్లను వెనక్కి మోసిన లారీ డ్రైవర్ సాక్ష్యాన్ని కోర్టు నమ్మింది. తీర్పు ప్రతిని తాతే చదివారు, కింద నుంచి. మొదటి ముక్క వినగానే నాన్న కాగితాలు లాగేసుకున్నారు, మిగతాది అక్కర్లేదని.

నా కళ్ళలో మాత్రం నాన్న బోనెక్కిన రోజే ఉంది. చెప్పులు కింద విడిచి పైకెక్కారు. అవతలి వకీలు షీట్ల గురించి అడగగానే చెప్పడం మొదలుపెట్టారు. ఇక ఆయన్ను ఆపడం ఎవరి తరమూ కాలేదు. వెనక బెంచీలో ఉన్న తాత నెమ్మదిగా లేచి వచ్చారు. వంగి, నాన్న దిగగానే తొడుక్కుని నడిచేలా ఆ చెప్పుల జతను తలుపువైపు తిప్పి పెట్టి, చప్పుడు కాకుండా వెళ్ళి మళ్ళీ తన చోట కూర్చున్నారు.